గుడారం నుండి లేచి వెళ్ళిపోయిన పాస్టరు గారి అబ్బాయి

మేము సెమినరీలో చదువుకున్న రోజుల్లో మా హాస్టల్‌లో ఒక పాత టేప్ రికార్డరు ఉండేది. ఆదివారం ఆరాధన ముగిసి, భోజనాలయ్యాక అందులో జిమ్ రీవ్స్ పాటల క్యాసెట్టు తిరిగేది. ఇంగ్లీషు అంతంతమాత్రంగా వచ్చినవాళ్ళం కూడా ఆ మెత్తని గొంతుతో కలిసి పాడేవాళ్ళం. మేము ఎక్కువగా పాడిన పాట 'ఇట్ ఈజ్ నో సీక్రెట్'. అది జిమ్ రీవ్స్ రాసుకున్న పాటే అని చాలాకాలం అనుకున్నాము. దాన్ని రాసినవాడు ఒక పాస్టరు గారి అబ్బాయి అనీ, నలభై ఏళ్ళు వచ్చేవరకు తండ్రి సేవించిన దేవునికి దూరంగా తిరిగినవాడనీ ఆ తరువాత ఎన్నో ఏళ్ళకు తెలిసింది. ఆయన పేరు స్టూవర్ట్ హ్యాంబ్లెన్. ఈ వారం ఆయన జీవితాన్ని పాఠకుల ముందు ఉంచాలని అనుకుంటున్నాము.

ఆయన 1908 అక్టోబరు 20న అమెరికాలోని టెక్సాస్ రాష్ట్రంలో కెల్లీవిల్ అనే చిన్న ఊరిలో పుట్టారు. తండ్రి జె.హెచ్. హ్యాంబ్లెన్ మెథడిస్టు సేవకుడు, పాతకాలపు పట్టుదల గల మనిషి. తరువాతి కాలంలో, 1946లో, ఇవాంజెలికల్ మెథడిస్ట్ చర్చి అనే శాఖ ఆయన నాయకత్వంలోనే ఏర్పడింది. కుటుంబం టెక్సాస్‌లో ఊరూరా మారుతూ వచ్చింది. పాస్టర్ల కుటుంబాలకు బదిలీలు ఎలా ఉంటాయో మన పాఠకులలో చాలామందికి వేరే చెప్పనక్కరలేదు. అబిలీన్ పట్టణంలోని మెక్‌మర్రీ కళాశాలలో చదివిన స్టూవర్ట్ ఉపాధ్యాయుడు కావలసినవాడు. కానీ ఆయన మనసంతా గిటారు మీదా, పశువుల కాపరులు పాడే పాటల మీదా ఉండేది. 1926 నాటికే, అంటే పద్దెనిమిదేళ్ళు దాటకముందే, టెక్సాస్ రేడియోలో కౌబాయ్ పాటలు పాడుతున్నారు. రేడియో అప్పుడప్పుడే ఇళ్ళలోకి వస్తున్న కాలమది.

1929లో ఒక పాటల పోటీలో గెలిచి, ఆ డబ్బుతో దేశం అటు చివరనున్న న్యూజెర్సీకి వెళ్ళి, విక్టర్ కంపెనీలో కొన్ని పాటలు రికార్డు చేశారు. అక్కడి నుండి ఇటు చివరకు, కాలిఫోర్నియాకు చేరారు. హాలీవుడ్ అప్పుడే మాట్లాడే సినిమాలు నేర్చుకుంటోంది. బెవర్లీ హిల్ బిల్లీస్ అనే బృందంలో కొంతకాలం పాడి, తరువాత లాస్ ఏంజెలెస్ రేడియోలో తన సొంత కార్యక్రమాలు నడిపారు. ఆ నగరంలో ఇరవై ఏళ్ళ పాటు ఆ గొంతు వినని ఇల్లు తక్కువ. 1934లో డెక్కా రికార్డు కంపెనీ అమెరికాలో పని మొదలుపెట్టినప్పుడు తొలిగా ఒప్పందం చేసుకున్న గాయకులలో ఆయన ఒకరు. పెద్ద కౌబాయ్ హీరోల సినిమాలలో చిన్న పాత్రలు వేశారు. వాటిలో తరచుగా ఆయనది దుష్టుడి వేషమే.

వేషం తీసేశాక కూడా ఆ జీవితం పెద్దగా మారేది కాదు. తాగుడు, జూదం, కొట్లాటలు ఉండేవి. పోలీసులు పట్టుకువెళ్ళిన రాత్రులు కూడా ఉన్నాయి. జనంలో పేరున్న మనిషి గనుక విడిపించేవాళ్ళు ఉండేవారు. అలా విడిపించేవాళ్ళు ఉండడం ఆయనకు మేలు చేసిందని మేము అనుకోము. రేసు గుర్రాలంటే పిచ్చి. ఎల్ లోబో అనే తన గుర్రాన్ని 1945లో పందేనికి ఏకంగా విమానంలో పంపారు. ఆ రోజుల్లో అది పత్రికలకెక్కిన వింత. 1938లో డెమోక్రాటిక్ పార్టీ తరఫున అమెరికా కాంగ్రెసుకు పోటీ చేసి ఓడిపోయారు కూడా. పాట, సినిమా, పందెం, రాజకీయం, అన్నిటిలోనూ చెయ్యి పెట్టారు. తండ్రి ప్రసంగపీఠం వైపు మాత్రం తిరిగి చూడలేదు.

ఆ ఇంటిలో ప్రార్థన ఆగిపోలేదు. 1933లో పెళ్ళాడిన భార్య సూజీ విశ్వాసి. భర్త కోసం ఆమె ఏళ్ళ తరబడి ప్రార్థించారు. టెక్సాస్‌లో తల్లిదండ్రులు కూడా ప్రార్థిస్తూనే ఉన్నారు. పదిమందికి వాక్యం చెప్పే మనిషికి సొంత కొడుకు గురించి సంఘంలో ఎవరైనా అడిగినప్పుడు జవాబు చెప్పవలసి రావడం ఎలాంటిదో కొందరు పాస్టర్లకు అనుభవమే. అలాంటి తల్లిదండ్రులు మా కార్యాలయానికి వచ్చి, తలుపు దగ్గరగా వేసి మాట్లాడి వెళ్ళిన సందర్భాలు ఉన్నాయి. ఉత్తరాలలో పేరు రాయకుండా ప్రార్థన విన్నపం పంపేవారూ ఉన్నారు. హ్యాంబ్లెన్ కథను మేము వారి కోసమే రాస్తున్నామని కూడా అనుకోవచ్చు.

1949కి వద్దాము. ఆ సెప్టెంబరు 25న లాస్ ఏంజెలెస్‌లో వాషింగ్టన్, హిల్ వీధుల కూడలిలో ఒక పెద్ద గుడారం లేచింది. బోధకుడు ముప్పై ఏళ్ళ యువకుడు, బిల్లీ గ్రాహం. అప్పటికి ఆయన పేరు దేశమంతటికీ తెలియదు. ఆయన మన తెలుగు నేలకు వచ్చింది చాలా తరువాత. 1977 నవంబరులో దివిసీమ ఉప్పెన తరువాత ఆ శిథిలాలను చూసి చలించిపోయి, ఇళ్ళు కట్టించడానికి సహాయం పంపిన సంగతి మన పెద్దలకు గుర్తుండే ఉంటుంది. 1949లో మాత్రం ఆ గుడారాన్ని నింపడమే కష్టంగా ఉండేది. సభలు మూడు వారాలకే అనుకున్నారు.

హాలీవుడ్ ప్రెస్బిటేరియన్ సంఘంలో హెన్రియెట్టా మియర్స్ అనే బోధకురాలు ఉండేవారు. సినిమా, రేడియో రంగాలవారికి ఆమె వాక్యం చెప్పేవారు. ఆమె ద్వారానే గ్రాహంకు, హ్యాంబ్లెన్‌కు పరిచయమైంది. ఇద్దరికీ మాట కలిసింది. హ్యాంబ్లెన్ ఆయనను తన రేడియో కార్యక్రమానికి పిలిచి, సభలకు వెళ్ళండని శ్రోతలకు చెప్పారు, తాను కూడా వస్తానన్నారు. మాట తప్పని మనిషి గనుక భార్యతో కలిసి వెళ్ళి కూర్చున్నారు.

పేరున్నవాడు సభకు వచ్చాడంటే మనం ఏమి చేస్తామో అందరికీ తెలుసు. ముందు వరుసలో కుర్చీ వేస్తాము, శాలువా కప్పుతాము, వీలైతే రెండు మాటలు చెప్పమంటాము. ఆ రాత్రి గుడారంలో అలా జరగలేదు. బోధకుడు వేషధారుల గురించి, రెండు జీవితాలు జీవించేవారి గురించి ప్రసంగించారు. తన గురించే చెబుతున్నాడని హ్యాంబ్లెన్‌కు అనిపించింది. పాస్టరు ఇంట్లో పెరిగినవాడికి ఆ మాటలు ఎక్కడ తగలాలో అక్కడే తగులుతాయి. ఆయన కోపంతో లేచి బయటికి నడిచారు. కొన్ని రోజులు ఆ దరిదాపులకు రాలేదు. వేటకని కొండలకు వెళ్ళిపోయారు. తిరిగి వచ్చేసరికి గుడారం పీకేసి ఉంటారనుకున్నారని చెబుతారు. గుడారం అక్కడే ఉంది.

మూడో వారం ముగియబోతోంది. సభలు పొడిగించాలా, ఆపాలా అని నిర్వాహకులలో రెండు అభిప్రాయాలు ఉన్నాయి. ఏదైనా సూచన ఇవ్వమని గ్రాహం, ఆయన తోటివారు ప్రార్థించారు. అలాంటి ఒక తెల్లవారుజామున, సుమారు నాలుగున్నరకు, గ్రాహం బసలో ఫోను మోగింది. అవతల హ్యాంబ్లెన్. గొంతు పూడుకుపోయి ఉంది, వెంటనే కలవాలన్నారు. కొద్దిసేపటికి ఆయన, సూజీ కలిసి వచ్చారు. ఆ గదిలో వారంతా చాలాసేపు మాట్లాడి ప్రార్థించారు. నలభయ్యో పడి దాటిన ఆ పెద్ద మనిషి, వేలమందిని నవ్వించిన గొంతు గలవాడు, మోకాళ్ళ మీద ప్రభువుకు తన్ను తాను అప్పగించుకున్నారు.

లేచిన తరువాత ఆయన మొదట చేసిన పని టెక్సాస్‌కు ఫోను చేయడం. తండ్రికి సంగతి చెప్పారు. ఆ ముసలి మెథడిస్టు పాస్టరు సంతోషంతో వేసిన కేక ఫోనులోంచి గదికి అవతల నిలబడినవారికి కూడా వినిపించిందని గ్రాహం తరువాత తన జీవితకథలో రాసుకున్నారు. ఆ కేక గురించి చదివిన ప్రతిసారీ మేము పుస్తకం మూసి కాసేపు ఊరకే కూర్చుంటాము.

తరువాతి సంగతులు చరిత్రకు తెలిసినవే. హ్యాంబ్లెన్ తన రేడియో శ్రోతలకు జరిగినదంతా చెప్పేశారు. తాగుడు, పొగ మానేశానన్నారు. గుడారంలో జనం పెరిగారు. సభలు పొడిగించారు. హర్‌స్ట్ పత్రికలు పెద్ద అక్షరాలతో రాయడం మొదలుపెట్టాయి. ఒలింపిక్ పరుగు క్రీడాకారుడు, జపాను చెరలో నరకం చూసి వచ్చిన లూయీ జాంపెరీని, నేరస్థుల ముఠా కోసం ఫోన్ల మీద దొంగచాటుగా విన్న జిమ్ వాస్ అదే గుడారంలో ప్రభువును తెలుసుకున్నారు. మూడు వారాల సభలు ఎనిమిది వారాలు సాగి, నవంబరు 20న ముగిశాయి. మొత్తం మూడున్నర లక్షల మంది హాజరయ్యారని లెక్క.

గుడారంలో ముందుకు నడవడం అంత కష్టం కాదు. చుట్టూ పాట ఉంటుంది, ప్రార్థించేవారు ఉంటారు. జీతం ఇచ్చే మనిషి ముందు నిలబడే రోజు కూడా వస్తుంది. అక్కడ పాట పాడేవాళ్ళు ఉండరు. హ్యాంబ్లెన్‌కు ఆ రోజు వచ్చింది. ఆయన కార్యక్రమానికి ఒక బీరు కంపెనీ స్పాన్సరుగా వచ్చింది. ఆ బీరు తాగమని ఆయన తన గొంతుతో చెప్పాలి. ప్రకటన చదవడానికి ఒక్క నిమిషం చాలు. పాటగాడు ప్రకటన చదవడం ఆ రంగంలో మామూలు పని, దాన్ని ఎవరూ పాపమనరు. తాను తాగకపోతే చాలు కదా అని సర్దిచెప్పేవాళ్ళు సంఘంలోనే దొరుకుతారు. ఆయన చదవనన్నారు. ఉద్యోగం పోయింది. ఇరవై ఏళ్ళుగా ఆ నగరంలో కట్టుకున్న పేరుకు ఆధారం ఆ రేడియోయే. రేసు గుర్రాల సరదా అప్పటికే వదిలేశారు. సినిమాలు కూడా వదిలారు.

ఆ వార్త విన్న మద్యనిషేధ పార్టీవారు 1952లో ఆయన దగ్గరకు వచ్చి, అమెరికా అధ్యక్ష పదవికి తమ అభ్యర్థిగా నిలబడమన్నారు. ఆ పార్టీ 1869లో పుట్టినది. దేశమంతటా మద్యనిషేధం ఉన్న 1920 నుండి 1933 వరకు కాలం గడిచిపోయాక దాని బలం సన్నగిల్లింది. ఆయన నిలబడ్డారు. ఐసెన్‌హోవర్‌కు సుమారు 3 కోట్ల 40 లక్షల ఓట్లు వస్తే, ఈయనకు 72,949 వచ్చాయి. నాలుగో స్థానం. దీన్ని కొందరు ఘనకార్యంగా రాస్తారు, కొందరు నవ్వులాటగా తీసుకుంటారు. మా మట్టుకు మాకు ఆ పోటీ కంటే ఆ బీరు ప్రకటనకు కాదనడమే పెద్దదిగా కనిపిస్తుంది. ఓట్ల లెక్కను ఆయన పెద్దగా మనసుకు తీసుకోలేదు, మళ్ళీ పాటల దగ్గరకు వచ్చేశారు.

పాటల గురించి చెప్పడానికి చాలా ఉంది. ఆయన మారుమనస్సు పొందిన 1949లోనే జనాదరణ పొందిన ఆయన పాట ఒకటి, వేట మానేసి ఆడవాళ్ళ వెంట పడే మనిషి గురించి. అప్పటికే బజారులోకి వెళ్ళిపోయిన రికార్డును వెనక్కి పిలవలేము కదా. మారిన మనిషి వెనుక పాత పాట కొంతకాలం మోగుతూనే ఉంటుంది. ఆయన దాన్ని దాచిపెట్టే ప్రయత్నం చేయలేదు. పక్కన కొత్త పాటలు పెట్టారు.

వాటిలో మొదటిది మేము హాస్టల్‌లో పాడినదే. సినిమా నటుడు జాన్ వేన్ ఆయనకు పాత స్నేహితుడు. హ్యాంబ్లెన్ మారిపోయాడన్న కబురు ఆయన చెవిన కూడా పడింది. కలిసినప్పుడు అది నిజమేనా అని అడిగారట. దేవుడు తనకు చేసినదాంట్లో రహస్యమేమీ లేదని, ఎవరికైనా చేస్తాడని హ్యాంబ్లెన్ జవాబిచ్చారు. ఆ మాటలోనే పాట ఉందని వేన్ అన్నారట. హ్యాంబ్లెన్ ఇంటికి వెళ్ళి కూర్చుని రాశారు. ఒక స్నేహితుడితో మామూలుగా మాట్లాడిన మాట 1950లో పాటై బయటికి వచ్చింది. కంట్రీ పాటల జాబితాలోనూ, మామూలు పాటల జాబితాలోనూ నిలిచింది. మహాలియా జాక్సన్ పాడింది, జిమ్ రీవ్స్ పాడారు, 1957లో ఎల్విస్ ప్రెస్లీ పాడారు. సువార్త పాట సంఘం గోడలు దాటి బజారులో అమ్ముడుపోవడం ఆ రోజుల్లో మామూలు విషయం కాదు.

రెండో పాట కథ కొండల్లో మొదలవుతుంది. ఒకసారి వేటకు వెళ్ళినప్పుడు, రోడ్డుకు ఎంతో దూరాన, కూలిపోతున్న ఒక గుడిసె కనిపించింది. బయట ఒక కుక్క కాపలా ఉంది. లోపల ఒక ముసలాయన ఒంటరిగా చనిపోయి ఉన్నారు. కిటికీకి చిరిగిన తెరలు ఇంకా వేలాడుతూ ఉన్నాయి. గుడిసె, మనిషి రెండూ ఒకేసారి పాడుబడ్డాయి. పౌలు మన శరీరాన్ని గుడారంతో పోల్చిన సంగతి పాస్టరు గారి అబ్బాయికి గుర్తు రాకుండా ఎలా ఉంటుంది? అలా పుట్టింది 'దిస్ ఓల్ హౌస్'. 1954లో రోజ్‌మేరీ క్లూనీ పాడిన రికార్డు అమెరికాలోనూ, బ్రిటన్‌లోనూ మొదటి స్థానానికి వెళ్ళింది. 1981లో షేకిన్ స్టీవెన్స్ పాడితే బ్రిటన్‌లో మళ్ళీ మొదటి స్థానం. వరస హుషారుగా ఉంటుంది గనుక జనం దానికి చిందులు వేశారు. అది ఒక ముసలి విశ్వాసి చావుకు సిద్ధపడే పాట అని వారిలో ఎందరు గమనించారో. మాకు మాత్రం సమాధి కూడికలలో ఆ పాట తరచుగా గుర్తుకు వస్తుంది. మనవాళ్ళు చావు పాట అంటే ఏడుపు రాగమే అనుకుంటారు. ఈయన దానికి నవ్వు ముఖం పెట్టారు.

పిల్లల కోసం రాసిన 'ఓపెన్ అప్ యువర్ హార్ట్' సంగతి వింటే నవ్వు వస్తుంది. దాన్ని భార్య, కూతుళ్ళ చేత నెమ్మదిగా పాడించి, రికార్డును వేగంగా తిప్పారు. పెద్దవాళ్ళ గొంతులు చిన్నపిల్లల గొంతులయ్యాయి. కౌబాయ్ చర్చి సండే స్కూల్ పేరుతో వచ్చిన ఆ రికార్డు 1955లో అమెరికా మొత్తం మీద మొదటి పది పాటలలోకి ఎక్కింది. మన సండే స్కూలు టీచర్లకు ఈ చిట్కా ఇప్పుడు ఫోనులోనే చేతికి వస్తుంది!

తరువాత కూడా 'నోన్ ఓన్లీ టు హిమ్', 'అంటిల్ దెన్', 'హౌ బిగ్ ఈజ్ గాడ్' లాంటి పాటలు వచ్చాయి. అన్నీ ఒకే బలంతో ఉన్నాయని మేము అనము. కొన్ని మరీ తీపిగా ఉంటాయి. కానీ ఆయన పాటలలో వేదాంత కళాశాల మాటలు కనిపించవు. పొలంలో పనిచేసేవాడు, లారీ నడిపేవాడు, బారులో కూర్చున్నవాడు వాడే మాటలే ఉంటాయి. సెమినరీలో చదివిన మాబోటివాళ్ళు ఆయన దగ్గర కూర్చుని కొంచెం నేర్చుకోవలసింది. ఆ మనుషుల మధ్య పాతికేళ్ళు తిరిగి ఆ మాటలు ఆయన నేర్చుకున్నారు. ఆ తిరిగిన సంవత్సరాలు మంచివని ఎవరూ అనరు. అయినా ప్రభువు వాటిని కూడా పారేయలేదు.

1949లో ఆయన 'కౌబాయ్ చర్చ్ ఆఫ్ ది ఎయిర్' పేరుతో రేడియోలో ఆరాధన కార్యక్రమం మొదలుపెట్టారు. 1952 వరకు అది దేశంలో ఎన్నో స్టేషన్ల నుండి వినిపించింది. మళ్ళీ 1971లో లాస్ ఏంజెలెస్‌లో ఆదివారం ఉదయాలు మొదలుపెట్టి, చాలా ఏళ్ళు నడిపారు. చర్చికి వెళ్ళనివాళ్ళు, వెళ్ళలేనివాళ్ళు వినేవారు. పక్కన సూజీ ఉండేవారు. 1970లో నాష్‌విల్ పాటల రచయితల గౌరవ సభలో ఆయనకు చోటిచ్చారు. 1976లో హాలీవుడ్ కాలిబాట మీద ఆయన పేరుతో నక్షత్రం పెట్టారు. ఇంకా కొన్ని బిరుదులు ఉన్నాయి, వాటి జాబితా ఇక్కడ వేయము.

1989 మార్చి 8న, మెదడులో గడ్డ వ్యాధితో, కాలిఫోర్నియాలోని శాంటా మోనికాలో స్టూవర్ట్ హ్యాంబ్లెన్ ప్రభువునందు నిద్రించారు. వయసు ఎనభై. ఆ తెల్లవారుజామున ఆయన వెంట గ్రాహం బసకు నడిచి వెళ్ళిన సూజీ, ఆ తరువాత దాదాపు ఇరవై ఏళ్ళు బ్రతికి, 2008లో నూరేళ్ళు దాటిన వయసులో ఆయన దగ్గరకు వెళ్ళారు.